విశాఖపట్టణపు పురపాలనము

విశాఖపట్టణములో మద్దిలపాలెపు కూడలియొద్ద ఒక గడియసేపు నిలుచుండి చూచినవారికి పట్టణ పరిపాలన మనునది ఎంత చిక్కుముడియో కొంత బోధపడును. ఎదుటనున్న పెద్ద రస్తా జాతీయ రహదారి. దాని బాగోగులు కేంద్ర ప్రభుత్వమువారివి. దగ్గరనే యున్న విశాలమైన ఆవరణము ఆంధ్ర విశ్వకళాపరిషత్తువారిది. అందలి చెట్లు, బాటలు, దీపములు ఆ పరిషత్తువారివే. బస్సుల డిపో రోడ్డు రవాణా సంస్థవారిది. వీని నడుమ సందులలో ఇండ్లు కట్టుకొని కాపురముండు జనముయొక్క మంచిచెడ్డలు మాత్రము పురపాలక సంస్థవారివి. మురుగు కాలువ యొక్కటియే ఈ హద్దుల నెరుగదు. అది అందరి నేలమీదుగను పారును.

కొన్ని యేండ్ల క్రిందట నాకొక చిన్న పని తటస్థించెను. ఇట్టి హద్దుమీదనే యున్న ఒక వీథిమూలలో దీపము వెలుగుట మానినది. చీకటిలో ఒక ముసలమ్మ కాలువలో పడి కాలు విరుగగొట్టుకొనినది. అర్జీ వ్రాసికొని ఒక కచేరికి పోయితిని. ఆ స్తంభము మాది కాదనిరి. రెండవ కచేరిలో, స్తంభము మాదేకాని దీపము మాది కాదనిరి. మూడవచోట, దీపము మాదే యగును గాని ఆ వీథి ఇంకను మాకు అప్పగింపబడలేదనిరి. ఎవ్వరును అబద్ధ మాడలేదు. ఎవరి దస్తరములో వారు చూచియే చెప్పిరి. దీపము మాత్రము వెలుగలేదు. ఈ తీరు ఎట్లు వచ్చినదో తెలిసికొనవలెనన్న ఈ ఊరి కథను మొదటినుండి చెప్పుకొనవలెను. తమ గ్రామము నేడో రేపో పట్టణములో కలియునేమోయని యోచించు పెద్దలకు ఈ కథ కొంత పనికివచ్చునని నా యాశ.

ఇంగ్లీషు కుంపిణీవారు విశాఖపట్టణమున వర్తకశాల పెట్టినది 1682లో. ఆ తరువాత ఆరేండ్లకు, అనగా 1688లో, చెన్నపట్టణమునకు కార్పొరేషను ఏర్పడెను. విశాఖకు అట్టి భాగ్యము అప్పుడు పట్టలేదు. కుంపిణీవారికి వలసినది బట్టల వర్తకము. ఊరిలో చెత్త యెవరెత్తుదురు, నూయి ఎవరు పూడిక తీయింతురు అను ప్రశ్న దొరతనమువారి లెక్కలో లేదు. ఎవరి వాకిలి వారు ఊడ్చుకొనుటయే అప్పటి పారిశుద్ధ్యము. కలరా వచ్చినప్పుడు అమ్మవారికి జాతర చేయుట తప్ప వేరు మార్గము ఎవరికిని తోచలేదు.

1850వ సంవత్సరపు చట్టమొకటి, ఊరివారు తామై కోరినచో తమ ఊరి బాగునకై తమలో తాము పన్ను వేసికొనవచ్చునని చెప్పినది. చెన్నరాజధానిలో ఈ చట్టమును వాడుకొన్న ఊళ్లు తక్కువ. దానికి మారుగా కొన్ని పట్టణములలో పెద్దలు కూడి స్వచ్ఛంద సంఘములు పెట్టుకొనిరి. అట్టి సంఘము విశాఖపట్టణములో 1858లో పుట్టెను. ఆ పొరుగుననే, ఒకప్పుడు డచ్చివారి రేవైన భీమునిపట్టణములో 1861లో పుట్టెను. దక్షిణదేశములో మిక్కిలి ప్రాచీనములైన పురపాలక సంఘములలో ఈ రెంటిని చేర్చి చెప్పుదురు. ఉత్తర సర్కారుల మూలనున్న ఈ రెండు చిన్న రేవుపట్టణములు ఇంత ముందుగా మేలుకొనినందుకు మన ప్రాంతమువారు గర్వపడుటలో తప్పు లేదు.

స్వచ్ఛంద సంఘమనగా నేమో గ్రామస్థులకు వేరుగా చెప్పనక్కరలేదు. ఊరి చెరువునకు గండి పడినప్పుడు పెద్దలు రచ్చబండకడ కూర్చుండి ఇంటింటికి ఇంతయని చందా వేయుదురే, అట్టిదే ఇదియును. ఇచ్చినవా డిచ్చును, ఇయ్యనివానిని నలుగురిలో నవ్వుటయే గాని జప్తు చేయు అధికారము లేదు. ఆ సంఘముయొక్క బలమును ఇదియే, బలహీనతయును ఇదియే. చందాలమీద రెండు వీథులు బాగుచేయవచ్చును. ఒక పట్టణమును నడుపుట సాధ్యము కాదు.

అందుచేత 1865లో చెన్నరాజధానికి పట్టణాభివృద్ధి చట్టము వచ్చెను. దానిప్రకారము 1866లో విశాఖపట్టణము, భీమునిపట్టణము రెండును నిజమైన మునిసిపాలిటీలైనవి. ఇండ్లమీద, బండ్లమీద, పశువులమీద పన్నులును, ఊరిలో ప్రవేశించు వాహనములమీద సుంకమును వసూలు చేయు అధికారము సంఘమునకు వచ్చెను. అయితే చందా కాలమున ఊరిపెద్దలకున్న స్వాతంత్ర్యము అంతతో పోయినది. కమిషనరులను సర్కారువారే నియమించిరి. కలెక్టరుగారే అధ్యక్షుడు. పైగా పోలీసు బలగమునకగు వ్యయములో పెద్ద భాగము పట్టణమే భరింపవలెనని చట్టము. కాపలావానికి జీతమిచ్చిన పిదప కాలువకు మిగులునది స్వల్పము. ఈ సంగతి దొరతనమువారును త్వరలోనే గ్రహించి, 1871 చట్టముతో పోలీసు బరువు తీసివేసి, దానికి మారు బడులు, ఆసుపత్రులు, టీకాలు, జనన మరణముల నమోదు అను పనులను అప్పగించిరి. నేడు మనము పుట్టుకపత్రము కొరకు పురపాలక సంస్థయొద్దకు పోవుట ఆనాటి యేర్పాటు యొక్క శేషమే.

1882 మే నెలలో రిప్పను ప్రభువు స్థానిక స్వపరిపాలనమునుగూర్చి ప్రకటించిన తీర్మానము మన దేశచరిత్రలో స్మరింపదగినది. పరిపాలన బాగుపడుననుకన్న, ప్రజలకు రాజకీయశిక్షణ కలుగుననియే తాము దీనిని కోరుచున్నామని ఆయన చెప్పెను. తప్పులు జరుగుననియు, తప్పుచేయుచునే నేర్చుకొందురనియు ఆయన తలంపు. దానిని అనుసరించి 1884లో చెన్నరాజధానికి జిల్లా మునిసిపాలిటీల చట్టము వచ్చెను. సభ్యులలో నాల్గింట మూడు వంతులవరకు పన్ను కట్టువారు ఎన్నుకొనవచ్చును. అధ్యక్షుని సంఘమువారే ఎన్నుకొనవచ్చును. 1920 చట్టము ఈ అధికారములను మరికొంత పెంచెను. వోటు మాత్రము పన్ను కట్టువారికే. గుడిసెలలోని బెస్తవారికిని, రేవులో మూటలు మోయువారికిని ఆ భాగ్యము రాజ్యాంగము వచ్చువరకు కలుగలేదు.

1930 తరువాతి సంవత్సరములలో ఇంకొక మార్పు జరిగినది. సభ్యులు వాదించుకొనుచుండ పనులు నిలిచిపోవుచున్నవని, ప్రభుత్వముచే నియమింపబడు కమిషనరులను మునిసిపాలిటీలకు పంపుట మొదలిడిరి. తీర్మానము చేయునది ఎన్నికైన సంఘము, దానిని జరుపునది పైనుండి వచ్చిన ఉద్యోగి. ఈ రెండు కాళ్ల నడక అప్పుడు మొదలైనది. నేటికిని అట్లే నడచుచున్నది. వీరిలో ఎవరు గొప్ప అను విచారణలో మన పట్టణములు పోగొట్టుకొన్న కాలము తక్కువది కాదు.

ఆ కాలపు సంఘము చేసిన పనులలో నేను అన్నిటికన్న ఎక్కువగా మెచ్చునది మంచినీటి యేర్పాటు. ఇరువదవ శతాబ్దపు తొలినాళ్లలో ఊరికి ఉత్తరముగా కొండల నడుమ ముడసర్లోవయొద్ద జలాశయము నిర్మించి అచ్చటినుండి పట్టణమునకు నీరు తెచ్చిరి. 1901 జనాభా లెక్కలలో విశాఖపట్టణపు జనసంఖ్య సుమారు 41 వేలు. అంత చిన్న ఊరు కొండనీటిని కొళాయిలోనికి దించుట సామాన్యము కాదు. సముద్రపు టొడ్డున నూతులు ఉప్పగా నుండుట తీరమువారందరికి తెలిసినదే. ఒక బిందె తియ్యని నీటికై ఆడవారు ఎంతదూరము నడచుచుండిరో మీ యిండ్లలోని అవ్వల నడిగిన చెప్పుదురు.

పిమ్మట రేవు వచ్చెను. 1933 అక్టోబరు 7వ తేదీన జలదుర్గ యను నోడ లోపలి రేవులో ప్రవేశించెను. ఆ డిసెంబరు 19న విల్లింగ్డను ప్రభువు రేవును లాంఛనముగా తెరచెను. ఈ రేవు మునిసిపాలిటీ వారిది కాదు. భారత ప్రభుత్వమువారు కట్టించి, బెంగాలు నాగపూరు రైల్వేవారిచేత నడిపించిరి. 1964లో పోర్టుట్రస్టు ఏర్పడెను. అనగా పట్టణముయొక్క జీవనాడి పట్టణసంఘముయొక్క అధికారమునకు వెలుపల పుట్టినది, వెలుపలనే పెరిగినది. రేవులో పనికి వచ్చిన కూలి రాత్రికి తలదాచుకొనునది పురపాలక సంఘపు వీథిలో. అతని శ్రమవలన వచ్చు ఆదాయము చేరునది వేరొక ఖజానాకు. ఇందులో ఎవరి కుట్రయు లేదు. ఏర్పాటే అట్టిది.

1942 ఏప్రిలు 6వ తేదీన జపానువారి విమానములు వచ్చి బాంబులు వేసినప్పుడు ఊరు చాలవరకు ఖాళీ అయ్యెను. విశ్వకళాపరిషత్తు గుంటూరునకు తరలిపోయెను. పట్టణవాసులు చుట్టుపట్ల గ్రామములకు బండ్లు కట్టుకొని పోయిరి. ఆనాడు వారికి చోటిచ్చినవి మీవంటివారి పల్లెలే యను మాటను పట్టణము తరువాత తరచుగా జ్ఞప్తికి దెచ్చుకొనినట్లు కానరాదు.

యుద్ధము ముగిసినది మొదలు పరిశ్రమల వరుస. 1941లో బాబూ రాజేంద్రప్రసాదుగారు శంకుస్థాపన చేసిన సింధియావారి నౌకానిర్మాణశాలనుండి 1948 మార్చి 14న జలఉష యను నోడను నెహ్రూగారు నీటిలోనికి దించిరి. 1957లో మల్కాపురమున కాల్టెక్సువారి చమురుశుద్ధి కర్మాగారము, ఆ తరువాత ఎరువులు, జింకు, యంత్రసామగ్రి కర్మాగారములు వచ్చినవి. 1951 నాటికి జనసంఖ్య లక్ష దాటినది. ప్రతి కర్మాగారమునకు ఒక కాలనీ. కాలనీలో తిన్నని బాటలు, కొళాయి, ఆసుపత్రి, బడి. కాలనీగోడకు ఈవల, ఆ కర్మాగారములోనే దినకూలి చేయువాని పూరిపాక. గోడ కావల సంస్థయే సర్కారు. ఈవల నోరులేని పంచాయతీ. ఒకే సైరను కూతకు లేచి, ఒకే ద్వారమున పనికి పోవు ఇద్దరు మనుష్యులు ఇట్లు రెండు వేర్వేరు పరిపాలనలక్రింద బ్రదుకుచుండిరి.

దీనికి తార్కాణము గాజువాక. 1966లో ఉక్కు కర్మాగారము మనకు కావలెనని ఆంధ్రదేశమంతయు లేచినది. అక్టోబరు 15న అమృతరావుగారు విశాఖపట్టణమున నిరాహారవ్రతము పూనిరి. నవంబరు 1న విశాఖలో కాల్పులు జరిగెను. ఆ యుద్యమములో మొత్తముమీద ముప్పదిమందికి పైగా ప్రాణములు గోల్పోయిరని చెప్పుదురు. 1971 జనవరి 20న ఇందిరాగాంధిగారు శంకుస్థాపన చేసిరి. 1992 ఆగస్టు 1న పీ.వీ. నరసింహారావుగారు కర్మాగారమును జాతికి అంకితము చేసిరి. ఈ నడుమ అరువదికి పైగా పల్లెలు తమ భూములను వదలుకొనవలసి వచ్చినవి. భూమి పోయిన రైతు గాజువాక చుట్టుపట్ల పునరావాసపు కాలనీలలో చేరెను. ఉద్యోగములకై వచ్చినవారు అక్కడనే అద్దె యిండ్లు వెదకికొనిరి. నిన్నటివరకు వరిచేలైన చోట మేడలు లేచినవి. ఉక్కునగరములో బాట వేసిన తరువాత ఇండ్లు కట్టిరి. గాజువాకలో ఇండ్లు కట్టిన తరువాత బాటకు చోటు వెదకవలసి వచ్చెను. కడకు గాజువాక పురపాలక సంఘమైనను, ఆ పేరు ఎక్కువకాలము నిలువలేదు.

పరిశ్రమ ఊరిని పుట్టించినప్పుడు ఊరి నెవరు పాలింపవలెనను ప్రశ్న మనకొక్కరికే వచ్చినది కాదు. శ్రీకాకుళ సీమనుండి తెలుగువారు వలసపోయి స్థిరపడిన జంషెడ్పూరు ఉన్నది గదా. టాటా కంపెనీవారు పెంచిన ఆ ఊరిలో నీళ్లు, దీపములు, బాటలు చక్కగా నుండునని చూచినవారందరు మెచ్చుకొందురు. అయితే ఇతర పట్టణములందువలె ఎన్నికైన పురపాలక సంఘము అచ్చట చిరకాలము లేకపోయెను. దానికొరకు వ్యాజ్యములు సుప్రీముకోర్టువరకు పోయినవి. పనిచేయు కొళాయి కావలెనా, ప్రశ్నింపదగిన ప్రతినిధి కావలెనా యని అడుగుట నాకు సరిగా తోచదు. రెండును కోరు హక్కు పౌరునికి కలదు. 1993లో అమలునకు వచ్చిన 74వ రాజ్యాంగ సవరణ మాత్రము, ఒక పారిశ్రామిక సంస్థ పురపాలక సేవలను తానే జరుపుచున్నచో ఆ ప్రదేశమును పారిశ్రామిక పట్టణముగ ప్రకటించి, అచ్చట పురపాలక సంఘము నేర్పరుపకుండుటకు గవర్నరునకు వీలు కల్పించినది. అనగా రాజ్యాంగమే ఈ తలుపును కొంచెము తెరచియుంచినది.

పన్నుల విషయ మింకొక చిక్కు. రాజ్యాంగము 285వ అధికరణము ప్రకారము కేంద్ర ప్రభుత్వపు ఆస్తిపై స్థానిక సంస్థలు పన్ను వేయరాదు. చేసిన సేవలకై కొంత రుసుము పుచ్చుకొనవచ్చును. ప్రభుత్వము స్థాపించిన కంపెనీలకు ఈ మినహాయింపు లేదని సుప్రీముకోర్టు 1982లో తీర్పు చెప్పినది. అయినను రైల్వేలు, నౌకాదళమువంటి శాఖల భూములు ఇంతింత విస్తారముగా నున్న విశాఖవంటి పట్టణమునకు ఈ నియమము ఎంత బరువో ఆలోచింపుడు. సందులో రెండుగదుల యిల్లు కట్టుకొన్నవాడు అర్ధసంవత్సరమున కొకసారి ఇంటిపన్ను కట్టితీరవలెను.

1979లో విశాఖపట్టణము కార్పొరేషనుగా మారెను. 1981లో తొలి యెన్నికలు జరిగి, భారతీయ జనతా పక్షమునకు చెందిన ఎన్.ఎస్.ఎన్. రెడ్డిగారు తొలి మేయరైరి. 2005లో గాజువాక మునిసిపాలిటీని, చుట్టునున్న 32 గ్రామములను చేర్చి మహా విశాఖ నగరపాలక సంస్థగా పేరు మార్చిరి. 2013లో అనకాపల్లి, భీమునిపట్టణములనుగూడ కలిపిరి. 1861లో తన కాళ్లమీద తాను నిలిచిన భీమునిపట్టణపు సంఘము ఈ విధముగా నూటయేబది యేండ్లకు పైబడిన పిదప పెద్ద సంస్థలో లీనమైనది. 2011 లెక్కలలో నగరపాలక సంస్థ జనాభా 17 లక్షల 28 వేలు. ఈ రెండు పట్టణములను చేర్చిన 20 లక్షలు దాటును.

ఇక్కడ గ్రామపెద్దలు గమనింపదగిన లెక్క యొకటి కలదు. 1994 పంచాయతీరాజ్ చట్టము ప్రకారము గ్రామ పంచాయతీకి ఐదుగురికి తక్కువగాక, ఇరువదియొక్కరికి మించక సభ్యులుందురు. పదునైదువేలు దాటిన పెద్ద గ్రామమునకు ఇరువదియొక్కరివరకు సభ్యులు. నగరపాలక సంస్థలోనో, 2021 ఎన్నికలనాటికి 98 వార్డులు. ఇరువది లక్షల జనమును ఈ 98 చేత భాగించిన, ఇరువదివేలకు పైగా జనమునకు ఒక్క సభ్యుడు. నిన్నటివరకు ఇరువదిమంది ఊరివారు కూర్చుండి మాటాడుకొనిన సంగతిని, ఊరు నగరములో కలిసిన మరునాటినుండి ఒక్కడు, అదియు నూరుగురి నడుమ లేచి, చెప్పవలెను. గ్రామసభ యుండదు. మూడులక్షలు, అంతకు మించిన జనాభాగల పట్టణములలో వార్డు సంఘము లుండవలెనని రాజ్యాంగము చెప్పుచున్నది గాని, మన నగరములలో అవి గ్రామసభవలె జీవముతో నున్నవని నేను చెప్పజాలను. నగరములో కలియుటవలన కొళాయియు, దీపమును రావచ్చును, వచ్చినవి కూడ. భూమివిలువ పెరుగును. దానికి ప్రతిగా వదలుకొనుచున్న దేమో తెలిసి వదలుకొనుట మేలని నా మనవి.

ఉన్న ఆ ఒక్క సభ్యుడైనను ఎల్లవేళల నుండెనా? ఎన్నికైన పాలకవర్గముయొక్క గడువు ఐదేండ్లనియు, గడువు ముగియకమునుపే తిరిగి యెన్నికలు జరుపవలెననియు రాజ్యాంగములో స్పష్టముగా నున్నది. 2007లో ఎన్నికైన వర్గముయొక్క గడువు 2012లో ముగిసెను. వార్డుల విభజనయని, గ్రామముల విలీనమని, వ్యాజ్యములని యేదో యొక కారణముచే ఎన్నికలు వెనుకకు జరుగుచు పోయినవి. ఈ నడుమ నగరమును పాలించినది ప్రత్యేకాధికారులు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను ఊరిమీద విరుచుకొని పడినప్పుడు విశాఖకు మేయరు లేడు, వార్డు సభ్యుడు లేడు. ఉద్యోగులును, పారిశుద్ధ్యపు పనివారును రాత్రింబగళ్లు పాటుపడి బాటలకడ్డముగా కూలిన చెట్లను తొలగించిరి; వారి సేవను తక్కువచేసి మాటాడరాదు. అయితే ఏ వీథికి ముందు నీరు రావలెను, ఏ పేటకు ముందు దీపము వెలుగవలెనని అడుగుటకు పేటవారికి తమవాడనదగిన వాడొక్కడును లేకపోయెను.

2020 మే 7వ తేదీ తెల్లవారుజామున ఆర్.ఆర్. వేంకటాపురములోని ఎల్జీ పాలిమర్సు కర్మాగారమునుండి విషవాయువు వెలువడి పండ్రెండుమంది మృతినొందినప్పుడును పరిస్థితి అదియే. ఆ కర్మాగారము 1961లో హిందూస్థాన్ పాలిమర్సను పేర మొదలైనది; దాని చుట్టు కాలక్రమమున జనావాసములు దట్టముగా పెరిగినవి. అంత దగ్గరగా ఇండ్లు ఎట్లు లేచినవి, ఎవరు అనుమతించిరి, కర్మాగారముయొక్క విస్తరణమును ఎవరు పరీక్షించిరి అని అడుగగా, ప్రతి ప్రశ్నకు వేరొక శాఖ జవాబుదారు. సందుమూలలోని దీపమునకు నాకు దొరకిన సమాధానమునకును దీనికిని పోలిక కలదు. అక్కడ విరిగినది ఒక కాలు, ఇక్కడ పోయినవి పండ్రెండు నిండు ప్రాణములు.

ఎన్నికలు 2020 మార్చిలో జరుగవలసియుండి, కరోనా వ్యాధివలన మరల ఆగినవి. కడకు 2021 మార్చి 10న జరిగెను. మద్దిలపాలెము వారును తక్కిన వార్డులవారితోపాటు బడులలో బారులు తీరి వోటు వేసిరి. నగరపాలక సంస్థకు అంతకుముందు వారు వోటు వేసినది 2007లో. ఆ యేడు పుట్టిన బిడ్డ ఈ యెన్నికనాటికి పదునాల్గేండ్లవాడై, తల్లిదండ్రులతోగూడ వచ్చి బడి గుమ్మమువద్ద నిలుచుండదగిన వయసులో నుండెను.